పాఠకుల ప్రశ్నలు: ఆట తెరుచుకుంటుంది, తెర మాత్రం నిండదు

ఈ మధ్య ఈ శీర్షికకు వచ్చిన ఉత్తరాల్లో సగానికి పైగా ఒకే ఫిర్యాదు చుట్టూ తిరుగుతున్నాయి. కంప్యూటర్‌లో ఆట తెరుచుకుంటోంది గానీ ఫుల్‌స్క్రీన్‌లో రావడం లేదు. ఫిర్యాదు ఒకటే అయినా కారణాలు ఒకటి కావు. తప్పు ఒక్కోసారి ఆటది, ఒక్కోసారి విండోస్‌ది, ఇంకోసారి మానిటర్‌దో టీవీదో అయి ఉంటుంది. అందుచేత ఇకపై రాసేవారు ఆట చుట్టూ ఏం కనిపిస్తోందో కూడా రాయండి. పైన పేరు పట్టీ ఉన్న విండోలో వస్తోందా, నల్లటి అంచులు మిగులుతున్నాయా, కుడివైపు కోసుకుపోతోందా, లేక తెరుచుకున్న వెంటనే టాస్క్‌బార్‌లోకి దిగిపోతోందా అన్నది తెలిస్తే సగం జవాబు అక్కడే దొరుకుతుంది. ఉత్తరం రాసేముందు ఆట నడుస్తుండగా ఆల్ట్, ఎంటర్ మీటలు కలిపి ఒకసారి నొక్కి చూడండి. చాలా ఆటల్లో విండోకూ ఫుల్‌స్క్రీన్‌కూ మధ్య మార్పు దీనితోనే జరుగుతుంది.

ప్రశ్న: మా అబ్బాయి సెలవుల్లో ఆడుకుంటాడని పాత డెస్క్‌టాప్‌ను దుకాణంలో ఇచ్చి, ఫార్మాట్ చేయించి, విండోస్ 10 వేయించాను. డాక్యుమెంట్లన్నీ పెన్‌డ్రైవ్‌లో దాచి మళ్లీ పాత చోటనే పెట్టుకున్నాం. ఇప్పుడు జీటీఏ శాన్ ఆండ్రియాస్ తెరిస్తే 800×600×32 వీడియో మోడ్ దొరకలేదని చెప్పి మూసుకుపోతోంది. మిగతా ఆటలు తెరుచుకున్నా నత్తనడక నడుస్తున్నాయి. డెస్క్‌టాప్ మీది ఐకాన్లు కూడా లావుగా, సాగదీసినట్టు కనిపిస్తున్నాయి. గ్రాఫిక్స్ కార్డు పోయింది, కొత్తది కొనమంటున్నారు. కొనమంటారా? (తెనాలి నుంచి ఒక పాఠకుడు)

జవాబు: ఇప్పుడే కొనకండి. మీ ఉత్తరంలో అన్నిటికంటే విలువైన మాట చివర్లో రాసిన ఐకాన్ల సంగతి. ఆట ఒక్కటే పాడైతే ఐకాన్లు లావెక్కవు. ఫార్మాట్ చేశాక గ్రాఫిక్స్ డ్రైవర్ (గ్రాఫిక్స్ కార్డు చేత పని చేయించే సాఫ్ట్‌వేర్) వేయకుండా వదిలేసిన కంప్యూటర్‌లో కనిపించే లక్షణం ఇది. అటువంటప్పుడు విండోస్ తన దగ్గరున్న ఒక తాత్కాలిక డ్రైవర్‌తో తెరను నెట్టుకొస్తుంది. అది అక్షరాలు, బొమ్మలు చూపించడానికి సరిపోతుంది గానీ ఆటలకు కావలసిన త్రీడీ పనిని కార్డు చేత చేయించలేదు. మీ మానిటర్ వెడల్పాటిదై, ఆ డ్రైవర్ 1024×768 దగ్గరే ఆగిపోతే, ఆ బొమ్మను అడ్డంగా లాగి తెర నింపడం వల్ల ప్రతిదీ లావుగా కనిపిస్తుంది.

నిర్ధారించుకోవడం సులువు. స్టార్ట్ బటన్ మీద రైట్ క్లిక్ చేసి డివైస్ మేనేజర్ తెరిచి, అందులో డిస్‌ప్లే అడాప్టర్స్ అన్న వరుసను విప్పి చూడండి. అక్కడ ఇంటెల్, ఎన్‌విడియా, ఏఎండీ వంటి పేరుకు బదులు మైక్రోసాఫ్ట్ బేసిక్ డిస్‌ప్లే అడాప్టర్ అని ఉంటే అనుమానం నిజమైనట్టే. కార్డు తయారీదారు వెబ్‌సైట్ నుంచి గానీ, కంపెనీ డెస్క్‌టాప్ అయితే ఆ కంపెనీ వెబ్‌సైట్ నుంచి గానీ మీ మోడల్‌కు తగిన డ్రైవర్ దించుకుని వేసి, కంప్యూటర్‌ను ఒకసారి రీస్టార్ట్ చేయండి. డ్రైవర్లు వెతికిపెడతామని చెప్పే మూడో మనిషి సాఫ్ట్‌వేర్ల జోలికి మాత్రం వెళ్లవద్దు. వాటిలో చాలావరకు అక్కర్లేని సరుకును వెంట తెస్తాయి.

ఇక శాన్ ఆండ్రియాస్ విషయం. 2005లో కంప్యూటర్లకు వచ్చిన ఈ ఆట, మొదలయ్యేటప్పుడు ఫలానా కొలతలో, 32 బిట్ల రంగుల్లో తెర కావాలని విండోస్‌ను అడుగుతుంది. ఆ కొలత జాబితాలో లేకపోతే బతిమాలదు, రాజీపడదు. మీరు చూసిన సందేశం చూపి మూసుకుపోతుంది. డ్రైవర్ వేశాక కూడా అదే మాట అంటే, డాక్యుమెంట్స్‌లో ఈ ఆట పేరుతో ఉన్న యూజర్ ఫైల్స్ ఫోల్డర్ తెరవండి. అందులో జీటీఏ ఎస్ఏ అన్న పేరు, సెట్ అన్న తోక ఉన్న చిన్న ఫైలు ఒకటి ఉంటుంది. తెర కొలతతో సహా పాత సెట్టింగ్‌లన్నీ దాచుకునేది అదే. మీరు డాక్యుమెంట్లను తిరిగి పెట్టుకున్నప్పుడు అది కూడా వెంట వచ్చి ఉంటుంది. దాన్ని తొలగిస్తే ఆట కొత్తదాన్ని తనే తయారు చేసుకుంటుంది. అదే ఫోల్డర్‌లో బి అన్న తోకతో ఉన్న ఫైళ్లు మాత్రం మీ అబ్బాయి సేవ్ చేసుకున్న ఆటలు. వాటిని కూడా ఊడ్చేస్తే ఇంట్లో జరగబోయే రభసకు ఈ శీర్షిక బాధ్యత వహించదు.

అప్పటికీ మొండికేస్తే, ఆట ఐకాన్ మీద రైట్ క్లిక్ చేసి, ప్రాపర్టీస్‌లోని కంపాటిబిలిటీ పేజీలో 640×480 రిజల్యూషన్‌లో నడపమనే గడికి టిక్కు పెట్టి ఒకసారి తెరవండి. తెరుచుకున్నాక ఆటలోని డిస్‌ప్లే సెటప్‌లోకి వెళ్లి మీ మానిటర్ కొలతను ఎంచుకుని, బయటికి వచ్చి ఆ టిక్కు తీసేయండి.

ప్రశ్న: నా ల్యాప్‌టాప్ తెర 1920×1080. పాత పజిల్ ఆట ఒకటి ఫుల్‌స్క్రీన్‌లో పెడితే కుడివైపు, కింద కొంత భాగం తెర బయటికి పోతోంది. పైగా నేను ఒక బటన్ మీద నొక్కితే దాని పక్కనున్నది నొక్కుకుంటోంది. మౌస్ మార్చినా ఇదే తంతు. (కరీంనగర్ నుంచి ఒక పాఠకురాలు)

జవాబు: మౌస్ నిర్దోషి. చిన్న తెరలో ఎక్కువ పిక్సెళ్లుంటే అక్షరాలు చీమల్లా కనిపిస్తాయి కనుక, ల్యాప్‌టాప్‌లలో విండోస్ అన్నిటినీ 125 శాతానికో 150 శాతానికో పెంచి చూపిస్తుంది. ఈ పెంపు సంగతి తెలియని పాత ఆటకు విండోస్ తెర కొలత తగ్గించి చెబుతుంది. మీది 125 శాతమైతే, 1920ని 1.25తో భాగిస్తే 1536, 1080ని భాగిస్తే 864. అంటే మీ ఆట తాను 1536×864 తెర మీద ఉన్నానని నమ్ముతోంది. అన్ని లెక్కలూ ఆ కొలతలోనే వేసుకుంటే బొమ్మ కాస్త మసకగా వచ్చేదే తప్ప ఇంత గొడవ ఉండేది కాదు. బొమ్మ ఒక కొలతలో, మౌస్ ఉన్న చోటు మరో కొలతలో లెక్క పడటం వల్లనే మీ నొక్కులు పక్కదారి పడుతున్నాయి. తెర ఎడమ పై మూల దగ్గరి బటన్లు బాగానే పనిచేస్తూ, కుడికీ కిందికీ పోయేకొద్దీ తేడా పెరుగుతోందేమో గమనించండి. అలా ఉంటే కారణం ఇదేనని ధైర్యంగా చెప్పవచ్చు.

ఆట అసలు ఫైలు మీద రైట్ క్లిక్ చేసి ప్రాపర్టీస్, అందులో కంపాటిబిలిటీ, అందులో అడుగున ఉండే చేంజ్ హై డీపీఐ సెట్టింగ్స్ అన్న బటన్ నొక్కండి. తెరుచుకున్న పెట్టెలో కింది గడికి టిక్కు పెట్టి, దాని కింద అప్లికేషన్ అన్నది ఎంచుకుంటే విండోస్ ఈ ఆట విషయంలో పెంపు లెక్కలు మానుకుంటుంది. డిస్‌ప్లే సెట్టింగ్స్‌లో స్కేల్‌ను 100 శాతానికి మార్చినా ఆట దారికొస్తుంది గానీ, ఒక్క ఆట కోసం రోజంతా కళ్లు చికిలించుకుని చదవమని నేను సలహా ఇవ్వను.

ప్రశ్న: కొత్త ఆట ఒకటి కొన్నాను. సెట్టింగ్స్‌లో ఫుల్‌స్క్రీన్ పెట్టి అప్లై నొక్కితే బాగానే వస్తుంది. మూసి మళ్లీ తెరిస్తే విండోలోనే ప్రత్యక్షమవుతుంది. నెల రోజులుగా రోజూ ఇదే పని. (వరంగల్ నుంచి ఒక ఇంజినీరింగ్ విద్యార్థి)

జవాబు: మీ ఆట ఫుల్‌స్క్రీన్‌కు రాగలుగుతోంది కాబట్టి డ్రైవర్‌లో గానీ తెరలో గానీ లోపం వెతకనక్కర్లేదు. అది మీ మాట విని మరిచిపోతోంది. మీరు పెట్టిన సెట్టింగ్‌ను ఒక ఫైలులో రాసుకోవాలి, ఆ రాత జరగడం లేదు. ఎందుకు జరగడం లేదన్నదే ప్రశ్న.

మొదట విండోస్ సెక్యూరిటీ తెరిచి, రాన్సమ్‌వేర్ ప్రొటెక్షన్ కింద కంట్రోల్డ్ ఫోల్డర్ యాక్సెస్ ఆన్‌లో ఉందేమో చూడండి. అది ఆన్‌లో ఉంటే తనకు పరిచయం లేని ప్రోగ్రామ్ ఏదీ డాక్యుమెంట్స్ వంటి ఫోల్డర్లలో రాయకుండా కాపలా కాస్తుంది. దొంగను ఆపే కాపలాదారు చుట్టాన్ని కూడా గుమ్మంలోనే నిలబెట్టిన చందం. కాపలాను తీసేయకండి, అక్కడే ఉండే అనుమతించిన యాప్‌ల జాబితాలో మీ ఆటను చేర్చండి చాలు. అది ఆఫ్‌లోనే ఉంటే, సెట్టింగ్‌ల ఫైలు ప్రాపర్టీస్‌లో రీడ్ ఓన్లీ టిక్కు ఉందేమో చూసి తీసేయండి. ఎవరో ఇచ్చిన సెట్టింగ్‌ల ఫైలును కాపీ చేసుకుని వాడేవారికి ఈ టిక్కు తరచుగా ఎదురవుతుంది.

మీ ఆట అన్‌రియల్ ఇంజిన్ (ఆటలు తయారు చేయడానికి వాడే ఒక సాఫ్ట్‌వేర్) మీద తయారైనదైతే ఇంకో సౌకర్యం ఉంది. ప్రోగ్రామ్‌లు తమ సెట్టింగ్‌లు దాచుకునే లోకల్ యాప్ డేటా ఫోల్డర్‌లో, ఆట పేరున్న ఫోల్డర్‌లో సేవ్డ్, దాని లోపల కాన్ఫిగ్, దాని లోపల విండోస్ పేరుతో మొదలయ్యే ఫోల్డర్ అని వెళితే గేమ్ యూజర్ సెట్టింగ్స్ అనే ఫైలు నోట్‌ప్యాడ్‌లో తెరుచుకుంటుంది. అందులో ఫుల్‌స్క్రీన్ మోడ్ అన్న పంక్తి చివర ఒక అంకె ఉంటుంది. 0 అంటే అసలైన ఫుల్‌స్క్రీన్, 1 అంటే అంచులు లేకుండా తెరంతా పరుచుకున్న విండో, 2 అంటే మామూలు విండో. మీ ఫైలులో 2 ఉంటుందని నా అంచనా. ఆట మూసి ఉన్నప్పుడు దాన్ని 0గానో 1గానో మార్చి సేవ్ చేయండి. నన్నడిగితే 1 పెట్టుకోమంటాను. చూడటానికి రెండూ ఒకేలా ఉంటాయి; ఫోన్‌కు వచ్చిన ఓటీపీని ల్యాప్‌టాప్‌లో కొట్టడానికి ఆట మధ్యలో బయటికి వెళ్లాల్సివస్తే 1లో తెర నల్లబడి తడబడకుండా వెంటనే మారుతుంది.

ప్రశ్న: ఆట ఫుల్‌స్క్రీన్‌లోనే తెరుచుకుంటుంది. పది పదిహేను నిమిషాలకోసారి దానంతటదే టాస్క్‌బార్‌లోకి దిగిపోతుంది. (అనంతపురం నుంచి ఒక పాఠకుడు)

జవాబు: వెనక నడుస్తున్న మరో ప్రోగ్రామ్ ఏదో తెర హక్కును తన వైపు లాక్కుంటోంది. అసలైన ఫుల్‌స్క్రీన్‌లో ఉన్న ఆట ఆ హక్కు పోయిన క్షణంలో కిందికి దిగిపోతుంది. మా ఇంట్లో ఇదే బెడద కొన్ని వారాలు నడిచింది. వైరస్ అనుకున్నాను, ఆటను రెండుసార్లు తీసి వేశాను, ఆఖరికి దొరికిన దొంగ ప్రింటర్ వెంట వచ్చిన చిన్న ప్రోగ్రామ్. సిరా తగ్గిందని చెప్పడానికి కనిపించని విండో ఒకటి తెరిచి మూస్తోంది. మీరు నాలా వారాలు పోగొట్టుకోనక్కర్లేదు. టాస్క్ మేనేజర్‌లో స్టార్టప్ పేజీ తెరిచి, ఆటకూ గ్రాఫిక్స్‌కూ యాంటీవైరస్‌కూ సంబంధం లేనివాటిని సగం ఆపి, రీస్టార్ట్ చేసి ఆడి చూడండి. బెడద పోతే దొంగ ఆ సగంలో ఉన్నట్టు, పోకపోతే మిగిలిన సగంలో ఉన్నట్టు. అలా సగాలు చేసుకుంటూ పోతే పదహారు ప్రోగ్రామ్‌లున్నా నాలుగైదు ప్రయత్నాల్లో తేలుతుంది. ఈలోగా ఆటలో బోర్డర్‌లెస్ (అంచులు లేకుండా తెరంతా పరుచుకున్న విండో) అన్న ఎంపిక ఉంటే దానికి మారండి. అప్పుడు ఎవరు హక్కు లాక్కున్నా ఆట తెర మీదే ఉంటుంది.

ప్రశ్న: ల్యాప్‌టాప్‌ను హెచ్‌డీఎంఐ తీగతో టీవీకి కలిపి ఆడితే స్కోరు కనిపించే పై అంచు తెగిపోతోంది. (విశాఖపట్నం)

జవాబు: ఇది టీవీ అలవాటు. పాత రోజుల ప్రసారాల్లో అంచుల దగ్గరి చెత్త కనిపించకుండా బొమ్మను కొంచెం పెద్దది చేసి చూపే పద్ధతి ఇంకా చాలా టీవీల్లో మిగిలి ఉంది. రిమోట్‌తో పిక్చర్ సెట్టింగ్స్‌లోకి వెళ్లి, జస్ట్ స్కాన్, స్క్రీన్ ఫిట్ వంటి పేరున్న ఎంపిక పెట్టండి.

ప్రశ్న: ఫోన్ ఆటలను కంప్యూటర్‌లో నడిపే బ్లూస్టాక్స్‌లో ఆడుతున్నాను. ఫుల్‌స్క్రీన్ ఎలా? (ఖమ్మం)

జవాబు: ఎఫ్11 నొక్కండి. ల్యాప్‌టాప్‌లో ఆ మీట శబ్దమో వెలుగో మారుస్తుంటే, ఎఫ్ఎన్ మీటతో కలిపి నొక్కండి.

ప్రశ్న: నా దగ్గర 1366×768 ల్యాప్‌టాప్ ఉంది. కౌంటర్ స్ట్రైక్ 1.6ను 1024×768లో పెడితే రెండు పక్కలా నల్లటి పట్టీలు మిగులుతున్నాయి. స్నేహితుడి ల్యాప్‌టాప్‌లో అదే కొలత తెర నిండా వస్తోంది. నాది ఎందుకు రాదు? (రాజమహేంద్రవరం నుంచి ఒక పాఠకుడు)

జవాబు: మీ ల్యాప్‌టాప్‌లో లోపమేమీ లేదు. ఇంకా చెప్పాలంటే మీది బొమ్మను ఉన్నదున్నట్టు చూపిస్తోంది, మీ స్నేహితుడిది సాగదీస్తోంది. 1024×768 అన్నది నాలుగుకు మూడు నిష్పత్తిలో ఉండే పాత డబ్బా మానిటర్ల కొలత. మీ తెర ఎత్తు కూడా 768 కావడంతో పైనా కిందా సరిగ్గా సరిపోయింది. అడ్డంగా 342 పిక్సెళ్లు మిగిలాయి, పక్కకు 171 చొప్పున. ఆ పట్టీలు అవే.

వాటిని తీసేయాలంటే గ్రాఫిక్స్ డ్రైవర్‌తో వచ్చే కంట్రోల్ ప్యానెల్‌లో స్కేలింగ్ అన్న సెట్టింగ్ చూడండి. ఎన్‌విడియాలో అది డెస్క్‌టాప్ సైజు, స్థానం సర్దుకునే పేజీలో ఉంటుంది. యాస్పెక్ట్ రేషియోకు బదులు ఫుల్‌స్క్రీన్ ఎంచుకుంటే తెర నిండుతుంది. అప్పుడు గుండ్రని చక్రం కోడిగుడ్డులా, సన్నటి మనిషి పెళ్లి భోజనం చేసి వచ్చినవాడిలా కనిపిస్తాడు. శత్రువు వెడల్పుగా కనిపిస్తే గురి సులువని ఈ ఆట ఆడేవారిలో చాలామంది కావాలనే అలా పెట్టుకుంటారు. మీ స్నేహితుడూ ఆ బాపతేమో అడిగి చూడండి. నాకైతే పట్టీలే నయమనిపిస్తుంది. పట్టీలూ వద్దు, సాగతీతా వద్దనుకుంటే ఆటలోని వీడియో పేజీలో డిస్‌ప్లే మోడ్‌ను వైడ్‌స్క్రీన్‌కు మార్చి, జాబితాలో 1366×768 ఉంటే ఎంచుకోండి. అదే పేజీలో విండోలో నడపమనే గడికి టిక్కు ఉంటే అదీ తీసేయండి.