స్కోపులో మిల్ కావాలా, ఎంఓఏ కావాలా

చిరంజీవి మేనల్లుడికి మామయ్య ఆశీస్సులు.

రైఫిల్ తీసుకున్నావనీ, దాని మీద బిగించే గురి దుర్భిణి, అదే స్కోపు, మిల్‌ది కొనాలా ఎంఓఏది కొనాలా అన్న దగ్గర ఎటూ తేలక ఆగిపోయావనీ మీ అమ్మ చెప్పింది. మిల్‌కూ ఎంఓఏకూ మధ్య గురి విషయంలో ఎక్కువ తక్కువలు లేవు. రెండూ కోణాన్ని కొలిచే పద్ధతులే. నువ్వు ఏ పోటీల్లో కాలుస్తావు, నీ పక్కన నిలబడేవాళ్లు ఏ లెక్కలో మాట్లాడతారు అన్నదాన్ని బట్టి నిర్ణయించుకో.

ఎంఓఏ (మినిట్ ఆఫ్ యాంగిల్) అంటే డిగ్రీలో 60వ వంతు, వృత్తం మొత్తానికి 21,600. మిల్ అంటే రేడియన్‌లో వెయ్యో వంతు. ఒక మిల్‌కు 3.438 ఎంఓఏలు. ఈ అంకె చూసినప్పుడల్లా నాకు ముచ్చట వేస్తుంది. ఆర్యభటుడి జ్యా (సైన్) పట్టికకు ఆధారమైన వ్యాసార్ధం సరిగ్గా 3,438 కళలు. పంచాంగంలో మనం చూసే కళ, స్కోపు మీది ఎంఓఏ ఒకటే కొలత.

అమెరికాలో గజాలూ అంగుళాలే కాబట్టి మిల్ పనికిరాదని నీకెవరో చెప్పారట. అది నిజం కాదు. 1000 మీటర్ల దూరంలో ఒక మిల్ ఒక మీటరైతే, 1000 గజాల దూరంలో ఒక గజం. పైగా స్కోపులో కనిపించిన తేడాను అంగుళాల్లోకి మార్చే అలవాటే చేసుకోవద్దు. తూటా 0.4 మిల్ కిందికి పడిందని రెటికిల్ (స్కోపు లోపల కనిపించే కొలత గీతలు) చూపిస్తే టరెట్‌ను (గురిని సరిచేసే స్కోపు మీది మరను) క్లిక్కుకు 0.1 మిల్ చొప్పున నాలుగు క్లిక్కులు పైకి తిప్పు, అంతే. దూరం 300 గజాలైనా 800 గజాలైనా లెక్క మారదు.

ఎంఓఏకు సరైన చోటు ఎఫ్-క్లాస్ అనే దూరపు గురి పోటీ. అక్కడ దూరం ముందే తెలుసు, లక్ష్యం కదలదు. 1000 గజాల లక్ష్యంలో పది పాయింట్ల వలయం వ్యాసం 10 అంగుళాలు, అంటే దాదాపు ఒక ఎంఓఏ. దాని లోపలి ఎక్స్ వలయం అందులో సగం. పావు ఎంఓఏ క్లిక్కు 100 గజాల వద్ద 0.26 అంగుళం జరిపితే, 0.1 మిల్ క్లిక్కు 0.36 అంగుళం జరుపుతుంది. ఎక్స్ వలయం కోసం పోరాడేవాడికి ఆ కాస్త తేడా కూడా విలువైనదే.

నువ్వు వెళ్లాలనుకుంటున్నది మాత్రం స్నేహితులతో కలిసి ఉక్కు పలకలను కాల్చే పోటీలకు. 2012లో మొదలైన ప్రెసిషన్ రైఫిల్ సిరీస్ తరహా పోటీలవి. గడియారం నడుస్తూ ఉంటుంది, పలక పలకకూ దూరం మారుతుంది. అక్కడ ఎక్కువమంది మిల్‌లోనే మాట్లాడతారు. 14.5 ఎంఓఏ కన్నా 4.2 మిల్ అని గుర్తుపెట్టుకోవడం, తిప్పడం తేలిక. పక్కవాడు గాలికి ఎడమ 0.6 మిల్ పట్టమంటే, నీది ఎంఓఏ స్కోపైతే మనసులో 3.438తో గుణించే వ్యవధి నీకు ఉండదు. అందుకే నా మాట విని మిల్ తీసుకో.

ఏది కొన్నా రెటికిల్, టరెట్ రెండూ ఒకే కొలతలో ఉండాలి. రెటికిల్‌లో మిల్ చుక్కలు, టరెట్ మీద ఎంఓఏ క్లిక్కులు ఉన్న పాత స్కోపులు చవకగా దొరుకుతాయి, వాటి జోలికి వెళ్లకు. ఫస్ట్ ఫోకల్ ప్లేన్ స్కోపునే అడుగు. అందులో జూమ్ మార్చినా రెటికిల్ గీతల విలువ మారదు. సెకండ్ ఫోకల్ ప్లేన్‌లో ఒక్క జూమ్ దగ్గరే ఆ విలువ సరిపోతుంది.

ఎప్పుడైనా ఎంఓఏ స్కోపు వాడితే, తూటా ఎంత కిందికి పడుతుందో లెక్కకట్టే బాలిస్టిక్ యాప్ అమరికలు తప్పక చూసుకో. ఒక ఎంఓఏ 100 గజాల వద్ద 1.047 అంగుళం. కొన్ని యాప్‌లలో దాన్ని నిండుగా ఒక అంగుళంగా లెక్కించే అమరిక కూడా ఉంటుంది. 30 ఎంఓఏ తిప్పే సందర్భంలో 1000 గజాల వద్ద ఈ పొరపాటు 14 అంగుళాలవుతుంది. పది పాయింట్ల వలయం మొత్తం వ్యాసం కన్నా అది ఎక్కువ.

స్కోపు రాగానే ఖాళీ రైఫిల్‌ను కదలకుండా బిగించి, స్కోపు నుంచి టేపుతో కొలిచిన 100 గజాల దూరంలో నిలువు కొలబద్ద పెట్టు. టరెట్‌ను 10 మిల్ తిప్పితే గురి గీత కొలబద్ద మీద 36 అంగుళాలు జరగాలి. 35 అంగుళాలే జరిగితే ఆ స్కోపు ఉంచుకోవద్దు, వాపసు గడువు దాటకముందే పంపించెయ్యి.

ఆశీస్సులతో,
మీ మామయ్య