నీడకూడుకు తోడు ఎవరిస్తారు?

అనంతపురం

అమ్మా, ఆశీస్సులు.

నీ కథ మొన్న అందింది. రెండుసార్లు చదివాను. నెలకొక్కసారే పొద్దు పొడిచే లోకం, ఆ చీకట్లో జనం పులియబెట్టుకునే నీడకూడు. ఈ ఊహ చాలా బాగుంది. నీ మీద నమ్మకం కుదిరింది కాబట్టే ఇంత పెద్ద ఉత్తరం రాస్తున్నా.

రాజుగారి విందుకు నువ్వు రెండు పేజీలు ఇచ్చావు. 32 వంటకాలు, వెండి విస్తర్లు, పాడే పండ్లు. చదువుతుంటే ఒక్కటీ నోటికి తగల్లేదు. అదే కథలో ఒక ముసలమ్మ చీకట్లో కుండకు చెవి ఆనించి, లోపల నీడకూడు పొంగే చప్పుడు వింటుంది. ఒక్క వాక్యమే. అక్కడ కాగితాలు పక్కన పెట్టి చాలాసేపు అట్లే కూర్చున్నా. నీ కథ ఉన్నది అక్కడ.

ఆమె చెవి ఎందుకు ఆనించిందో ఆలోచించు. ఎండ లేదంటే కట్టెలు ఎండవు. కట్టెలు ఎండకపోతే నిప్పు పిరమవుతుంది. నిప్పు పిరమైన చోట వండడం కంటే పులియబెట్టడమే జరుగుబాటు. చీకట్లో కళ్ళు పనికిరావు కాబట్టి పులిసిందో లేదో చెవే చెప్పాలి. ఇవన్నీ నీ ఊహలోనే ఉన్నాయి. నువ్వు వాటిని వదిలేసి విందుకు వెళ్ళిపోయావు.

మన జిల్లానే చూడు. ఏడాదంతా కలిపి పడే వాన 550 మిల్లీమీటర్లకు కాస్త అటూ ఇటూ. ఒకప్పుడు చెరువు కింద ఉన్నవాళ్ళకే వరి. మిగతా నేలలో రాగి, జొన్న, కొర్ర. పండిన ఏడు దాచుకుంటేనే ఎండిన ఏడు తినేది. రాగులకు పురుగు తొందరగా పట్టదు కాబట్టి ఏళ్ళు నిలవుంటాయి. జొన్నలు నేలలో తవ్విన పాతరలో పోసేవాళ్ళు. పాతర తీయడం చిన్నప్పుడు చూశాను. మా తాత మూత తీయించి, ఎవరినీ దిగనివ్వలేదు. తాడుకు దీపం కట్టి లోపలికి వదిలాడు. సగం దూరం పోయేసరికి దీపం ఆరిపోయింది. లోపలి గాలి మనిషిని చంపుతుందని అందరినీ దూరంగా కూర్చోబెట్టాడు. మధ్యాహ్నం మళ్ళీ దించితే దీపం నిలిచింది. అప్పుడు దిగారు. ఆ జొన్నలకు ఒక ముక్కిన వాసన ఉండేది. కొత్త జొన్నలతో రొట్టె చేస్తే మా అవ్వ రెండు తుంపులు తిని పక్కన పెట్టేది. ఆమెకు రుచి అంటే ఆ పాతర వాసనే.

నీ లోకంలో జనం దేన్ని దాచుకుంటారు? దాచినందువల్ల దానికి ఏ వాసన వస్తుంది? పొద్దు పొడిచే ఆ ఒక్కరోజు ఊరంతా ఏం చేస్తుంది? మనవాళ్ళు మండుటెండలో వరుగులు, వడియాలు పెడతారు. వాళ్ళకు నెలకంతా ఒకటే ఎండ. ఆ రోజు పండుగ కాదమ్మా, ఊపిరాడని పని. మిద్దెల మీద జాగా కోసం తగాదాలు పడతారు. రాజుగారి విందులో లేని టెన్షన్ అంతా అక్కడుంటుంది.

నేనూ నీ వయసులో తప్పు చేశాను. కరువు ఊరి మీద రాసిన మొదటి కథలో పెళ్ళివిందు పెట్టి, ప్రతి కూరలోనూ పచ్చికొబ్బరి వేశాను. మా అమ్మ చదివించుకుని విని, "మనూర్లో కొబ్బరిచెట్టు యాడుందిరా?" అని ఒక్క మాట అడిగింది. అన్నం దొరకని ఊరి గురించి రాస్తూ అబద్ధం పెట్టినందుకు చాలా సిగ్గుపడ్డాను. ఆ కథ మళ్ళీ ఎక్కడా అచ్చు వేయించలేదు.

వంటల పేర్లు కూడా చూసుకో. నీడకూడు నిలిచే పేరు. విందులో నువ్వు పెట్టిన జ్యోత్స్నామృతం మాత్రం ఆకలితో ఉన్న నోటికి రాదు. ఉగ్గాని, ఊరిబిండి, ఓళిగ, పొంగణాలు: చేసేవాళ్ళ నోట్లో నలిగిన పేర్లు ఇట్లుంటాయి.

నీడకూడు 'సృష్టి మొదటినుంచీ' ఉందని రాశావు. అది తీసేయ్. మన ఊరిబిండి పచ్చడిలో చెనక్కాయలు, మిరపకాయలు రెండూ అమెరికా ఖండాల నుంచి వచ్చినవే. మిరప 16వ శతాబ్దంలో పోర్చుగీసువాళ్ళ ఓడల్లో వచ్చింది. అంతకుముందు ఇక్కడ కారమంటే ఎక్కువగా మిరియాలే. అయినా ఊరిబిండి లేని సంగటి మనకు పరాయి తిండిలా ఉంటుంది. నీడకూడు కూడా ఎవరో ఒకరు తెచ్చిందే అయ్యుండాలి. దానికి ముందు ఏం తిన్నారో గుర్తున్న ముసలివాళ్ళు ఇంకా బతికుంటే మరీ మంచిది.

చివరగా, కథ చదివినప్పటినుంచీ నన్ను వదలని సంగతి. పులియాలంటే తోడు కావాలి. సందె దీపం పెట్టాక మన ఇళ్ళలో ఉప్పు, పెరుగు తోడు బయటికి ఇవ్వరు. నీ లోకంలో సందె నెల్లాళ్ళు. అంటే తోడు ఇచ్చిపుచ్చుకోవడం పొద్దు పొడిచిన రోజే జరగాలి. తర్వాత కుండ చెడితే ఆ ఇల్లు పస్తు, లేదా ఎవరో ఒకరు కట్టు తప్పి ఇవ్వాలి.

విందు పేజీలు తీసేసి ఇక్కడినుంచి రాయి. ముసలమ్మ కుండకు చెవి ఆనించింది. లోపల చప్పుడు లేదు. పొద్దు పొడవడానికి ఇంకా 20 రోజులుంది. ఇంట్లో మనవరాలుంది. ఆమె ఎవరి తలుపు కొట్టిందో, వాళ్ళు ఏమన్నారో రాసి పంపు. ఎదురుచూస్తుంటాను.

నీ మేలు కోరే
పెద్దాయన