జీడిపెంకు నూనెలోని కార్డనాల్ పేరులో గుండె ఎక్కడినుంచి వచ్చింది?

"కార్డనాల్, అనకార్డిక్ ఆమ్లం అనే పేర్లలో ఉన్న 'కార్డ్' అంటే గుండె అని డిగ్రీ పుస్తకంలో చదివాను. జీడిపెంకు నూనెకూ గుండెకూ సంబంధమేమిటి? అది గుండెకు మంచిదా?" అని మీరు అడిగారు. మంచిచెడ్డల సంగతి ముందుగా తేల్చేస్తాను: ఆ నూనె ఒంటికి తగిలితే పొక్కులు లేస్తాయే తప్ప దానివల్ల గుండెకు ఒరిగేదేమీ లేదు. ఇక పేరు విషయానికి వస్తే, నేను రసాయనశాస్త్రం చదువుకున్నవాణ్ణి కాను. పలాస దగ్గర ఉద్దానంలో పుట్టి, ఇంట్లో సగంమంది జీడితోటల మీదా, మిగతా సగంమంది జీడిబట్టీల మీదా బతికిన కుటుంబంలో పెరిగినవాణ్ణి. ఆ చనువుతోనే చెబుతున్నాను, ఈ పేరుకు చాలాచోట్ల ఇచ్చే వివరణ సరైనది కాదు.

ఆ వివరణ ఇలా సాగుతుంది. గ్రీకు భాషలో 'కార్డియా' అంటే గుండె, 'అన' అంటే పైకి. జీడిమామిడిలో పిక్క పండు లోపల ఉండకుండా బయటికి వేలాడుతుంది గనుక, పండుకు గుండెకాయ వంటిది బయటికి వచ్చేసిందన్న భావంతో ఆ చెట్టుకు 'అనకార్డియం' అని పేరు పెట్టారట. వినడానికి ముచ్చటగానే ఉంటుంది. అయితే చెట్టున పిక్కను ఒక్కసారి చూసినవాళ్లెవరికీ అది గుండెలా అనిపించదు, అచ్చంగా మూత్రపిండంలా ఉంటుంది. అలా అంటే, పిక్క కాదు, పండునే తలకిందులుగా పట్టుకుని చూడాలని మరికొందరు సర్దిచెబుతారు. ఏ కాయనైనా అటూ ఇటూ తిప్పుతూ పోతే ఏదో ఒక అవయవంలా కనబడకపోదు.

అసలు చిక్కు ఆకారం దగ్గర కాదు, కాలం దగ్గర ఉంది. జీడిమామిడి బ్రెజిల్ చెట్టు. పోర్చుగీసువాళ్లు అక్కడ అడుగుపెట్టింది 1500లో. మన పశ్చిమ తీరానికి ఆ చెట్టును తెచ్చింది ఆ తరువాత, పదహారో శతాబ్దంలో. 'అనకార్డియం' అనే మాట మాత్రం అంతకు ఎంతో ముందే ఐరోపాలోని మందుల దుకాణాలలో వాడుకలో ఉంది. బ్రెజిల్ అనే దేశం ఉందని కూడా తెలియని వైద్యులు ఆ పేరుతో కొన్నది ఏమిటంటే, మన దేశం నుంచి అరబ్బు వర్తకుల చేతుల మీదుగా వెళ్లిన నల్లజీడి గింజ. సంస్కృతంలో భల్లాతకం అనేది, చాకలివాళ్లు బట్టల మీద గుర్తు పెట్టేది, మా అమ్మమ్మ సూదికి గుచ్చి దీపం మీద కాల్చి పిల్లలకు దిష్టి తీసేది, అదే గింజ. అరబ్బులు దానిని 'బలాదుర్' అన్నారు, జ్ఞాపకశక్తికి మందుగా వాడారు. తొమ్మిదో శతాబ్దపు చరిత్రకారుడు అల్-బలాదురీకి ఆ పేరు రావడానికి ఆయన వంశంలో ఎవరో ఈ గింజ రసం మితిమీరి పుచ్చుకోవడమే కారణమని చెబుతారు. పుచ్చుకున్నది ఆయనేనని కొందరు, ఆయన తాత అని కొందరు అంటారు.

ఎండిన నల్లజీడి గింజను అరచేతిలో పెట్టుకుని చూడండి. బొటనవేలి గోరు కంటే కాస్త పెద్దదిగా, నల్లగా, నిగనిగలాడుతూ, రెండు పక్కలా అణగి, పైన వెడల్పుగా, కింద కొంచెం సన్నగా ఉంటుంది. గుండె బొమ్మను ఎవరు ఎలా గీసినా ఇంచుమించు అలాగే వస్తుంది. చెట్టున ఉన్నప్పుడు దీనికి కూడా అడుగున నారింజరంగు కండ ఒకటి ఉంటుంది, నిజమే. కానీ ఓడలెక్కి వెళ్లింది ఎండిన గింజ, కండ కాదు. ఆ గింజను మాత్రమే చూసినవాళ్లు 'గుండెలాంటిది' అనే అర్థంలో పేరు పెట్టుకున్నారని నా దృఢమైన అభిప్రాయం. 'బయటపడిన గుండె' అనే కథ జీడిమామిడి అక్కడికి చేరిన తరువాత ఆ పేరుకు తొడిగిన చొక్కా.

ఆ పేరు చేతులు మారిన తీరు ఇంకా తమాషాగా ఉంటుంది. అమెరికా ఖండం నుంచి వచ్చిన జీడిపిక్క పెంకులో కూడా నల్లజీడిలో ఉన్నట్టే ఒళ్లు పొక్కించే నల్లటి నూనె కనబడేసరికి, దుకాణదారులు మొదటిదాన్ని తూర్పు అనకార్డియం అనీ, కొత్తదాన్ని పడమటి అనకార్డియం అనీ పిలవసాగారు. 1753లో స్వీడన్ వృక్షశాస్త్రవేత్త లిన్నేయస్ మొక్కలకు శాస్త్రీయ నామాలు ఖాయం చేస్తూ 'అనకార్డియం' అనే ఇంటిపేరును జీడిమామిడికి ఇచ్చి, 'ఆక్సిడెంటాలే', అంటే పడమటిది, అనే విశేషణాన్ని పక్కన చేర్చాడు. ఇంటిపేరు పోగొట్టుకున్న మన నల్లజీడికి ఆయన కొడుకు 'సెమెకార్పస్ అనకార్డియం' అని నామకరణం చేశాడు. గ్రీకులో 'సెమెయాన్' అంటే గుర్తు, 'కార్పోస్' అంటే కాయ, అంటే గుర్తుపెట్టే కాయ. అసలు సొంతదారుకు పాత పేరు చివర తోకలా మిగిలింది. మనం చేసింది కూడా వేరేమీ కాదు. తెలుగులో జీడి అంటే మొదట నల్లజీడే. పరదేశం నుంచి వచ్చిన చెట్టును, పెంకులో జీడి ఉన్న మామిడి అన్నట్టుగా, జీడిమామిడి అన్నాం. ఇప్పుడు మా ఊళ్లో జీడి అంటే పలాస జీడిపప్పే. అసలు జీడిని గుర్తుపట్టాలంటే 'నల్ల' అని చేర్చాల్సి వస్తోంది.

రసాయనాల పేర్లు ఈ మార్పులన్నీ జరిగిపోయిన తరువాత వచ్చినవి. 1847లో జర్మన్ రసాయనశాస్త్రవేత్త స్టెడెలర్ జీడిపెంకు నూనెను పరిశీలించి, అందులోని ఆమ్లానికి చెట్టు పేరు మీదుగా అనకార్డిక్ ఆమ్లం అనీ, దానితోపాటు ఉన్న మరొక పదార్థానికి కార్డాల్ అనీ పేర్లు పెట్టాడు. కార్డనాల్ అనేది అదే వరసలో తరువాత చేరిన పేరు. చివర ఉన్న 'ఆల్' అది ఫీనాల్ అనే రసాయనాల జాతిదని తెలియజేస్తుంది. పచ్చి పెంకు నుంచి వేడి తగలకుండా తీసిన నూనెలో 60 శాతానికి పైగా అనకార్డిక్ ఆమ్లమే ఉంటుంది, కార్డనాల్ కొద్దిగానే ఉంటుంది. నూనెను గట్టిగా కాచినప్పుడు ఆమ్లంలోంచి కార్బన్ డయాక్సైడ్ బుడగలుగా పోయి, మిగిలినది కార్డనాల్ అవుతుంది. కాబట్టి కార్డనాల్‌ను చాలావరకు చెట్టు ఇచ్చిన సరుకు అనడం కంటే పొయ్యి ఇచ్చిన సరుకు అనడం సబబు. మీ పుస్తకంలో ఈ మూడు పేర్లనూ ఒక పట్టికలో వరసగా వేసి బట్టీపట్టమని వదిలేసి ఉంటారు. ఒకటి కాగితే మరొకటి అవుతుందన్న ఒక్క వాక్యం రాస్తే పిల్లలకు ఆ పట్టిక అవసరమే ఉండదు, కానీ ఆ ఒక్క వాక్యం రాసే ఓపిక పుస్తకాలు రాసేవాళ్లకు ఉండదు.

ఆ తేడా పుస్తకం కంటే ముందు చేతులకు తెలుస్తుంది. పూర్వం పిక్కలను పెనాల మీదా డ్రమ్ముల్లోనూ మాడేలా వేయించేవారు. నూనె చాలావరకు కారిపోయి పెంకు పెళుసుగా మారేది, పొగకు ఊరంతా దగ్గేది. ఇప్పుడు బాయిలరు ఆవిరిలో ఉడకబెడతారు. పొగ తగ్గింది, పప్పు తెల్లగా వస్తోంది, కానీ ఆవిరి వేడికి నూనె ఎక్కడికీ పోదు. పెంకు రెండు పొరల మధ్య తేనెపట్టు గదుల్లాంటి మెత్తటి భాగంలో అది నిలిచే ఉంటుంది, కత్తి దిగగానే వేళ్ల మీదికి ఉబుకుతుంది.

మా మేనత్త అత్తవారింటికి వచ్చిన దగ్గరనుంచీ పిక్కలు కొట్టే పనిలోనే ఉంది. ఒక చేత్తో పిక్కను రెండు కత్తుల మధ్య నిలబెట్టి, కాలితో తొక్కి, విడిపోయిన పెంకులోంచి పప్పును గుండుగానే, బద్ద కాకుండా, పైకి తీయాలి. బద్ద అయితే ధర పడిపోతుంది. పక్కన గిన్నెలో ఆముదం, మరో చిప్పలో బూడిద ఉంటాయి. మాటిమాటికీ వేళ్లు వాటిలో అద్దుకుంటూ ఉంటుంది. చేతి తొడుగులు ఇచ్చినా వేసుకోదు, తొడుగుతో పిక్క నిలబడదని ఆమె వాదన. ఒకసారి రేషన్ బియ్యానికి ఆమెను నా బండి మీద తీసుకువెళ్లాను. మిషను అద్దం మీద బొటనవేలు పెడితే ఎర్రదీపం వెలిగింది. డీలరు అద్దాన్ని చొక్కా అంచుతో తుడిచాడు, ఆమె వేలిని చీరచెంగుతో తుడుచుకుంది, మళ్లీ ఎర్రదీపమే. పది వేళ్లూ వరసగా అయిపోయాయి. దగ్గరగా చూస్తే వేలికొనలు నల్లగా, నునుపుగా ఉన్నాయి. గీతలుండవలసిన చోట చర్మం పొరలు పొరలుగా లేచి, కింద కొత్త చర్మం గులాబీరంగులో కనబడుతోంది. "నాను నాను కాదంతన్నాది సూడు బావూ ఈ మిసను" అని ఆమె నవ్వింది. "ఓ రెండ్రోజులు పిక్కల్లోకి ఎల్లకు పిన్నీ, యేల్లకి కొబ్బరినూనె రాసుకొని రా" అని డీలరు సలహా ఇచ్చాడు. "పన్లోకి ఎల్లకపోతే నీ బియ్యంలోకి కూరెవులెడతారు?" అని ఆమె అడిగిన ప్రశ్నకు అతని దగ్గర జవాబు లేదు. చివరికి కోడలిని పిలిపించి ఆమె వేలిముద్రతో బియ్యం తెచ్చుకున్నాం.

ఆ వేళ్లను తిన్నది ఏమిటని మీరు రసాయనశాస్త్రంలో అడిగితే, జవాబు మీరు అడిగిన పేర్లే: అనకార్డిక్ ఆమ్లం, కార్డాల్. మొదటిది సాలిసిలిక్ ఆమ్లానికి 15 కార్బన్ల పొడవాటి గొలుసు తగిలించినట్టుండే పదార్థం. ఆ గొలుసు వల్లే అది నీళ్లకు పోదు, చర్మంలోకి సులువుగా ఇంకుతుంది. జీడిమామిడి చెట్టు కుటుంబానికే చెందిన మామిడికాయ సొన మూతికి తగిలి పుండు పడనివాళ్లు మన జిల్లాలో తక్కువమందే ఉంటారు. దానిలోనూ ఈ జాతి పదార్థాలే ఉన్నాయి. జపానులో లక్కపూత పెట్టెలకు వాడే చెట్టుపాలలో ఉన్నదాని పేరు ఉరుషియాల్, నల్లజీడిలో ఉన్నదాని పేరు భిలవనాల్.

నా అసలు ఫిర్యాదు ఇక్కడ మొదలవుతుంది. జపానువాళ్లు ఆ పూతను 'ఉరుషి' అంటారు గనుక అది ఉరుషియాల్ అయింది. హిందీలో నల్లజీడిని భిలావా అంటారు గనుక అది భిలవనాల్ అయింది. అంటే పనిచేసేవాళ్ల నోటి మాట రసాయనం పేరు కావడానికి శాస్త్రంలో అడ్డేమీ లేదన్నమాట. జీడిపెంకు నూనె దగ్గరికి వచ్చేసరికి మాత్రం, బ్రెజిల్ చెట్టుకు, మన దేశపు మరో చెట్టు గింజను చూసి గ్రీకు మాటతో పెట్టిన పేరును తగిలించి, దానిలోంచి గుండె ముక్కను కోసి, చివర 'ఆల్' అతికించారు. ఉద్దానంలో ఎవరైనా పేరు పెట్టి ఉంటే అది 'జీడాల్' అయ్యేది. నవ్వకండి, భిలవనాల్ కంటే పలకడానికి సులువు.

ఆ నూనె మా దగ్గర ఆగదు. పెంకులు బస్తాల లెక్కన నూనె తీసే మిల్లులకు పోతాయి. అక్కడ కాచి, శుద్ధి చేసిన కార్డనాల్ వాహనాల బ్రేకులకు వేసే లైనింగుల్లోకీ, వార్నిషుల్లోకీ, ఓడలకు తుప్పు పట్టకుండా పూసే ఎపాక్సీ రంగులను గట్టిపరిచే మందుల్లోకీ చేరుతుంది. పప్పుకు గుండుకూ బద్దకూ వేరువేరు ధర కట్టే వ్యాపారి, పెంకు నూనె ధరలో కొట్టేవాళ్ల వాటా మాట ఎత్తితే వినబడనట్టు ఉంటాడు. ఏ బట్టీలోనైనా అంతే.

ఇది మీకు పరీక్ష ప్రశ్నగా వస్తే, 'కార్డియా అంటే గుండె, గింజ ఆకారాన్ని బట్టి వచ్చిన పేరు' అని రాయండి, మార్కులు వేస్తారు. ఏ గింజ అని మౌఖిక పరీక్షలో అడిగితే మాత్రం నల్లజీడి అని చెప్పండి. అడిగినాయన ఒప్పుకోకపోతే, 'ఆక్సిడెంటాలే' అంటే పడమటిది కదా, మరి తూర్పుది ఏదని ఆయన్నే అడగండి.