పూటకూళ్ళ ఇల్లు, సత్రం ఒకటేనా? గోదావరి కాలవల పక్కన అవి ఎలా ఉండేవి?

ఒకటి కాదండీ. సత్రంలో పెట్టేది ధర్మభోజనం. పూటకూళ్ళ ఇంట్లో డబ్బిచ్చి తినాలి. లంకల గన్నవరంలో డొక్కా సీతమ్మగారు (1909లో పోయారు) వేళగాని వేళ వచ్చినవాళ్ళకీ ఉత్తినే వండి పెట్టారు కాబట్టి ఆవిడది వేరే లెక్క. మా అమ్మమ్మ వాళ్ళమ్మ, అంటే మా తాతమ్మ, లాకుల (పడవల్ని ఒక నీటిమట్టం నుంచి ఇంకో మట్టానికి దాటించే కాలవ తలుపుల) పక్కన పూటకి ఇంత అని పుచ్చుకునేది. చిన్న వయసులోనే మొగుడు పోతే ఇంకేం చేస్తుంది? ఈ సంగతి చెప్పుకోడానికి మా వాళ్ళకి ఇప్పటికీ నామోషీ. నాకేం లేదు.

లాకుల పక్కనే ఎందుకంటే, 1852లో ధవళేశ్వరం ఆనకట్ట పూర్తయ్యాక డెల్టాలో కాలవలు చేలకి నీళ్ళే కాదు, జనానికి దారులు కూడా అయ్యాయి. ధాన్యం, కొబ్బరికాయలు, పెళ్ళివారు, అందరూ పడవల మీదే. గాలి లేకపోతే మనుషులు గట్టు మీద నడుస్తూ తాడుతో లాగేవారు. లాకు దగ్గర నీటిమట్టం సమానమయ్యేదాకా, ముందున్న పడవలు దాటేదాకా ఆగాల్సిందే. ఆ ఆగిన టైమే తాతమ్మకి బేరం. వేసవిలో కాలవ కట్టేస్తే పడవలుండవు కాబట్టి, ఏడాదికి సరిపడా ఊరగాయలు అప్పుడే పెట్టేసేదట.

ఇల్లు మామూలు పెంకుటిల్లే. మన దగ్గర రాయి దొరకదు, ఉన్నదంతా బంకమన్ను. అందుకని ఇటుక గోడలు, గానుగ సున్నం, వరద భయానికి మెరక మీద ఎత్తుగా పునాది. దూలాలు టేకువి. భద్రాచలం వైపు నుంచి గోదావరి మీద తెప్పలు కట్టి తెచ్చిన కలప అని మా అమ్మమ్మ చెప్పేది. లోపల పొడుగాటి వసారా, గచ్చు ఒక పక్కకి కొంచెం వాలుగా ఉంటుంది. విస్తళ్ళు ఎత్తేశాక బిందెడు నీళ్ళు కుమ్మరిస్తే మొత్తం తూములోకి పోయేవి. సెలవుల్లో మేం ఆ వాలు మీద గోళీలాడేవాళ్ళం. ఎటు కొట్టినా గోళీ తూములోకే!

వీధి అరుగు మాత్రం ఇంటికి మించిన వెడల్పు. వంటింట్లోంచి అరుగు మీదికి జానెడు కిటికీ, దానికి ఊచలు లేవు. ఎందుకో పెద్దయ్యాక అర్థమైంది. లోపలి పంక్తి బ్రాహ్మలకి. పడవవాళ్ళకి అరుగు మీద, ఆ కిటికీలోంచే అన్నం. అన్నం కుండ ఒకటే, డబ్బూ ఒకటే. దళితులకైతే ఆ అరుగు కూడా లేదు. పాత ఇళ్ళ అందం గురించి మాట్లాడేటప్పుడు ఈ కిటికీ గురించి ఎవరూ చెప్పరు.

బస్సులొచ్చాక పడవలు తగ్గాయి, తాతమ్మ పొయ్యీ ఆరింది. 1996 తుఫానుకి పెంకులెగిరిపోతే మా మావయ్య రేకులు వేయించాడు. ఇప్పుడందులో కొబ్బరి డొక్కలు పోస్తున్నారు.

తాతమ్మకి చదువు రాదు. పడవవాళ్ళ బాకీలు అరుగు వైపు తలుపు మీద సున్నంతో గీతలు పెట్టుకునేది, తీరిస్తే తుడిచేసేది. ఆ తలుపుకి ఎవరూ రంగు వేయలేదు. కిందటి సంక్రాంతికి వెళ్ళినప్పుడు లెక్కపెట్టాను, పదకొండు గీతలు ఇంకా ఉన్నాయి.