మలయాళంలో తక్కువ బడ్జెట్ స్వతంత్ర సినిమాలు ఎలా నిలబడుతున్నాయి? మన దగ్గర అది ఎందుకు కష్టం?

మనం ఓటీటీలో చూసి మెచ్చుకునే మలయాళ సినిమాల్లో చాలావరకు అక్కడి కమర్షియల్ సినిమాలే. పేరున్న నటులు, గట్టి నిర్మాతలు ఉన్నవి. మీరు అడుగుతున్నవి వేరు.

ఉద్యోగరీత్యా తిరువనంతపురంలో ఉన్నన్నాళ్లూ డిసెంబర్ వస్తే లీవు పెట్టి అక్కడి అంతర్జాతీయ చలనచిత్రోత్సవానికి వెళ్లేవాణ్ణి. ఊరూ పేరూ లేని దర్శకుడి సినిమాకి కూడా పొడుగాటి క్యూ. అయిపోయాక అతన్ని నిలబెట్టి మొహమాటం లేకుండా కడిగేస్తారు. నాకు అర్థమైనంతలో ఈ సినిమాల అసలు బలం ఆ జనమే.

వాళ్లు ఒక్కరోజులో తయారవలేదు. 1965లో దర్శకుడు అదూర్ గోపాలకృష్ణన్, ఆయన మిత్రులు చిత్రలేఖ ఫిల్మ్ సొసైటీ పెట్టారు, అంటే మంచి సినిమాలు తెప్పించి చూసి చర్చించుకునే సంఘం. తర్వాత చాలా ఊళ్లలో అలాంటివి వెలిశాయి. 1984లో మలయాళ దర్శకుడు జాన్ అబ్రహాం (హిందీ నటుడు కాదు) బృందం ‘ఒడెస్సా’ పేరుతో ఊళ్లు తిరిగి, సినిమాలు వేసి చూపిస్తూ చందాలు పోగుచేసింది, మనం వినాయక చవితికి వసూలు చేసినట్టే. ఆ డబ్బుతో తీసిన ‘అమ్మ అరియాన్’ (1986)ని మళ్లీ జనం మధ్యకే తీసుకెళ్లారు. దర్శకుడు సనల్ కుమార్ శశిధరన్ కూడా 2014లో చందాలతోనే సినిమా తీసి, వ్యాన్‌లో ఊరూరా తిప్పి చూపించాడు.

ప్రభుత్వం చేయీ ఉంది. అక్కడి ఫిల్మ్ డెవలప్‌మెంట్ కార్పొరేషన్ మహిళా దర్శకులకు సినిమాకి కోటిన్నర దాకా ఇస్తోంది. శ్రుతి శరణ్యం ‘బి 32 ముతల్ 44 వరె’ (2023) అలా వచ్చిందే. ఆడవాళ్లు తమ ఒంటి గురించి పడే ఇబ్బందులే అందులో కథ. ఏ పెద్ద నిర్మాత ముందుకొస్తాడు చెప్పండి!

‘ఫెమినిచ్చి ఫాతిమా’ అయితే ఒక పరుపు చుట్టూ తిరుగుతుంది. కేరళలోని పొన్నానిలో నడుంనొప్పితో ఉన్న ఒక గృహిణికి కొత్త పరుపు కావాలి, ఇంట్లో పెత్తనమంతా భర్తది. అంతే కథ. ఉపన్యాసాలు లేవు, బోలెడు నవ్వులున్నాయి.

అలాగని అక్కడంతా బంగారమేమీ కాదు. 2024 ఉత్సవంలో అవార్డులు కొట్టిన ఆ సినిమాకే థియేటర్లు దొరికేసరికి 2025 అక్టోబర్ అయింది. ప్రభుత్వమే 2024లో ‘సి స్పేస్’ ఓటీటీ మొదలుపెట్టడానికి చిన్న సినిమాలకు ఇలా థియేటర్లు దొరక్కపోవడమూ ఒక కారణం.

మీరు చూడటం మొదలుపెట్టాలంటే డాన్ పాలత్తర తీసిన ‘సంతోషత్తింటె ఒన్నాం రహస్యం’ పట్టుకోండి. కారులో ఒక జంట గొడవ, 85 నిమిషాలు, ఒకే షాట్. మీకు పడుతుందో లేదో మొదటి పావుగంటలోనే తేలిపోతుంది.