బుల్‌పప్ ఎయిర్ రైఫిల్‌కు రెడ్ డాట్ కొనేముందు మీ చెంప ఎక్కడ ఆనుతుందో చూసుకోండి

కొత్తగా బుల్‌పప్ (మెకానిజం ట్రిగ్గర్ వెనక ఉండే పొట్టి రకం) పీసీపీ ఎయిర్ రైఫిల్ (ముందే నింపి పెట్టుకున్న గాలి ఒత్తిడితో పెల్లెట్ కొట్టేది) తీసుకున్నారట, 10 నుంచి 30 మీటర్ల దాకా టార్గెట్ కొట్టడానికి ఏ కంపెనీ రెడ్ డాట్ (అద్దంలో ఎర్ర చుక్క చూపించి గురి పెట్టించే సైట్) మంచిదని అడిగారు. కంపెనీ సంగతి తర్వాత చూద్దాం. ముందు మౌంట్ ఎత్తు తేల్చుకోండి, అంటే సైట్‌ను గన్ను మీద బిగించే పట్టు ఎంత ఎత్తుండాలో. బుల్‌పప్ విషయంలో ముప్పావు వంతు పని ఎత్తుదే. లెన్సు, బ్యాటరీ, బ్రాండు అన్నీ కలిపి మిగతా పావు వంతు.

మామూలు రైఫిల్ బట్ కిందికి వాలి ఉంటుంది కాబట్టి చెంప ఆనిస్తే కన్ను గొట్టానికి కాస్త పైన నిలబడుతుంది. బుల్‌పప్‌లో మెకానిజం మొత్తం ట్రిగ్గర్ వెనక్కి పోయింది, మన చెంప ఆనేది సరిగ్గా దాని మీదే. అంతకంటే కిందికి తల పోదు. సైట్ పొట్టిగా ఉంటే చుక్క కనబడదు, మరీ ఎత్తుంటే చెంప గాల్లో వేలాడి గడ్డం ఒక్కటే ఆనుతుంది. 1977లో ఆస్ట్రియా సైన్యం తీసుకున్న స్టెయిర్ ఆగ్ రైఫిల్ చూడండి. ఒకటిన్నర రెట్ల స్వరోవ్‌స్కీ స్కోప్‌ను పట్టుకునే పిడిలోనే కలిపేసి ఇచ్చారు. ఎత్తు ఎంతుండాలో వాడేవాడికి వదలకుండా తయారీదారే ఖాయం చేశాడు. మనకు అమ్మేవాళ్లేమో ఖాళీ రైల్ (సైట్ బిగించుకునే పట్టా) చేతిలో పెట్టి పంపిస్తారు.

మొన్న సంక్రాంతికి అత్తగారి ఊరికి, రేగొండ దిక్కు, పోయినప్పుడు జరిగింది చెప్తా. మా బామ్మర్ది ఆన్‌లైన్‌లో బుల్‌పప్ తెప్పించుకున్నాడు, దానితోపాటే పొట్టి రింగులతో ఒక గొట్టపు రెడ్ డాట్. పత్తి ఏరడం అయిపోయింది, చేను ఖాళీగా ఉంది, బావి పూడిక తీసిన మట్టి దిబ్బ వెనక అడ్డంగా ఉంది. దాని ముందు అట్టపెట్టె ముక్క నిలబెట్టి కొడుతున్నాడు. 10 మీటర్లలోనే పెల్లెట్లు ఒకటి ఈ మూలకు, ఒకటి ఆ మూలకు. చుట్టూ పిల్లలు, ఎవరికి తోచింది వాళ్లు చెప్పుడే.

“గన్నే ఖరాబున్నది బావా, వాపస్ పంపుత” అన్నాడు.

నేను చూసింది గన్నును కాదు, వాడి తలను. చెంప ఆనిస్తే చుక్క కనబడతలేదు, అందుకని తల లేపి, పక్కకు ఒరిగి, అద్దం అంచున ఎక్కడో చుక్కను పట్టుకుని కొడుతున్నాడు. పెల్లెట్ తీసేయించి, గన్ ఖాళీగా ఉందని చూసుకుని, వడ్ల బస్తా మీద కదలకుండా పెట్టించిన. గన్నును ముట్టుకోకుండా తల ఒక్కటే అటు ఇటు కదుపుతూ చుక్కను చూడమన్న.

“అరె, గిది నడుస్తున్నది బావా!”

చుక్క నిజంగానే అట్ట మీద ఎడమకూ కుడికీ నడిచింది. పిల్లలందరూ వంతులేసుకుని చూశారు, మా అత్త కూడా కొంగు సర్దుకుని వంగి చూసింది. దీన్నే పారలాక్స్ అంటారు. చుక్క కాంతి దూరపు వస్తువు నుంచి వచ్చినట్టు కనబడేలా ఆ అద్దాన్ని మలుస్తారు. చాలా సైట్లను 50 గజాలకో 100 గజాలకో సరిచేసి ఉంచుతారు. దగ్గర టార్గెట్‌కు వచ్చేసరికి కన్ను అద్దం మధ్యలో నుంచి పక్కకు జరిగితే గురి కూడా జరుగుతుంది. మరీ దగ్గరైతే ఆ తేడా దాదాపు అద్దం వెడల్పులో సగం దాకా పోతుంది. 20 మిల్లీమీటర్ల అద్దమైతే అటు ఒక సెంటీమీటరు, ఇటు ఒక సెంటీమీటరు. 4.5 మిల్లీమీటర్ల పెల్లెట్‌కు అది చిన్న తేడానా? డబ్బా మీద మాత్రం ‘పారలాక్స్ ఫ్రీ’ అని పెద్ద అక్షరాలు. 10 మీటర్ల దగ్గర ఆ మాట చెల్లదు, రాసినవాడికి సిగ్గుండాలి.

నా సామాను పెట్టెలో ఎత్తు పెంచే రైజర్ ఒకటుంటే బిగించిన. వాడు కళ్లు మూసుకుని చెంప ఆనించి, కళ్లు తెరిచేసరికి చుక్క అద్దం నడుమ నిలబడింది. 25 మీటర్లకు జీరో చేసుకున్నాం, అంటే ఆ దూరంలో చుక్క ఉన్నచోటే దెబ్బ పడేలా సరిచేసుకున్నాం, దెబ్బలన్నీ ఒక్కచోట పడ్డాయి. తర్వాత అట్టను మళ్లీ 10 మీటర్లకు తెచ్చి కొడితే చుక్కకు దాదాపు 3 సెంటీమీటర్లు కింద గుంపుగా పడ్డాయి. మళ్లీ లొల్లి, గన్ ఖరాబని. ఖరాబు కాదు. చుక్క గొట్టానికి 7 సెంటీమీటర్ల పైన ఉంది, పెల్లెట్ కింద నుంచి ఎక్కుతూ వచ్చి 25 మీటర్ల దగ్గర గురి గీతను కలుస్తుంది. 10 మీటర్ల దగ్గర ఇంకా ఎక్కుతూనే ఉంది. కాబట్టి దగ్గర కొట్టేటప్పుడు అంత పైన గురి పెట్టాలి. ఎత్తు మౌంట్‌కు ఇదొక్కటే ఖర్చు, అలవాటైతే చేయి దానంతటదే లేస్తుంది. ఈ తేడాకు భయపడి పొట్టి మౌంట్ కొంటే మాత్రం మా బామ్మర్ది లెక్కనే తల గాల్లో పెట్టి కొట్టాల్సి వస్తుంది.

ఇక చుక్క సైజు. దాన్ని ఎంఓఏల్లో కొలుస్తారు, అది డిగ్రీలో అరవయ్యో వంతు కోణం. ఒక ఎంఓఏ అంటే 100 మీటర్ల దగ్గర 2.9 సెంటీమీటర్లు, 25 మీటర్ల దగ్గర 7 మిల్లీమీటర్లు. 6 ఎంఓఏ చుక్క పెట్టుకుంటే 25 మీటర్లలో 4 సెంటీమీటర్ల పైన కప్పేస్తుంది, మీరు కొట్టాల్సింది దాని వెనకే దాక్కుంటుంది. 2 ఎంఓఏ తీసుకోండి, వెలుగు బాగా తగ్గించి వాడండి. చుక్క గుండ్రంగా కాకుండా తోకచుక్కలా సాగి కనబడితే షాపువాడితో గొడవకు దిగకండి. ముందు ఫోన్ కెమెరాతో అద్దంలోంచి చూడండి. కెమెరాలో గుండ్రంగా ఉంటే తేడా మీ కంటిది, అస్టిగ్మాటిజం. నాకూ ఉంది. అలాంటివాళ్లకు అద్దం మీద గుర్తు చెక్కి ఉండే ప్రిజం సైట్ నయం, కానీ దానికి కన్ను ఫలానా దూరంలోనే ఉండాలి. బుల్‌పప్ మీద ఆ దూరం కుదురుతుందో లేదో బిగించి చూశాకే డబ్బులివ్వండి.

నేనుండేది భూపాలపల్లిలో. ఓపెన్‌కాస్ట్ బొగ్గు గని దుమ్ము ఇంట్లో ఏ వస్తువునూ వదలదు. మా దగ్గర తెరిచిన ఎమిటర్ సైట్ (చుక్కను వేసే బల్బు బయటికే ఉండేది) అస్సలు వద్దు. బల్బు మీద దుమ్ము పడితే చుక్క మసకబారుతుంది, వాన చినుకు పడితే రెండు మూడుగా చీలుతుంది. రెండు వైపులా అద్దం మూసి ఉన్నదే తీసుకోండి. ఎండాకాలంలో కారులో వదిలేయకండి, వాడని నెలల్లో సీఆర్ 2032 సెల్ తీసి పక్కన పెట్టండి. పేరున్న కంపెనీల సైట్లు ఒక్క సెల్‌తో 50,000 గంటలు వెలుగుతాయంటారు, నిజమే, కానీ ఆదివారం పూట అట్ట కొట్టేవాడికి ఆ డబ్బు దండగ. టావోర్ అనే బుల్‌పప్ రైఫిల్ మీద ఇజ్రాయెల్ సైన్యం వాడిన మెప్రో 21 సైట్‌కు అసలు బ్యాటరీయే లేదు, పగలు వెలుతురును పోగుచేసే ఫైబర్, రాత్రి బ్యాటరీ లేకుండానే వెలుగునిచ్చే ట్రిటియం వాయువు. అది చూసి మనసు పడి, అదే ఆకారంలో వచ్చే నకళ్లు కొనేవాళ్లున్నారు. ఆ నకళ్లలో ఉండేది మామూలు బల్బే.

ఒక మాట చెప్పకపోతే నాకు నిద్ర పట్టదు. గొట్టం మూతి దగ్గర 20 జౌళ్ల లోపు శక్తి ఉన్న .177 (అంటే 4.5 మిల్లీమీటర్ల) ఎయిర్ గన్నుకు లైసెన్సు అక్కర్లేదని చట్టం వదిలింది టార్గెట్ కొట్టుకోవడానికి. మన దిక్కు కొందరు పోరగాళ్లు దానికి రెడ్ డాట్ తగిలించి నెమళ్ల వెంట పడుతున్నారు, వీడియోలు కూడా పెడుతున్నారు. 1972 వన్యప్రాణి సంరక్షణ చట్టం కింద అది జైలుకు పోయే నేరం. కోతుల మీద కొట్టేవాళ్లు ఇంకో రకం. చిన్న పెల్లెట్‌తో అది చావదు, సీసం ఒంట్లో పెట్టుకుని కుళ్లి కుళ్లి తిరుగుతుంది. పంట పోతున్న బాధ నాకు తెలుసు, మా మామ మక్క చేను కోతులపాలైంది. అయినా ఇది పద్ధతి కాదు. ఇట్లాంటివాళ్ల వల్లే రేపు ఈ మినహాయింపు పోయి అందరం ఠాణా చుట్టూ తిరగాల్సి వస్తుంది.

మీ పిల్లలెవరైనా పోటీల కోసం నేర్చుకుంటుంటే మాత్రం రెడ్ డాట్ జోలికే పోకండి. గగన్ నారంగ్ 2012 లండన్‌లో కాంస్యం గెలిచిన 10 మీటర్ల ఎయిర్ రైఫిల్ పోటీలో చిల్లు సైట్లే (సన్నని రంధ్రంలోంచి చూసి గురి పెట్టేవి) వాడాలి, లెన్సు సైట్లకు అనుమతి లేదు. అక్కడ టార్గెట్ మీద పది పాయింట్లు ఇచ్చే చుక్క అర మిల్లీమీటరే.

మీకు నా సలహా: మూసిన ఎమిటర్, 2 ఎంఓఏ చుక్క, వెలుగు బాగా తగ్గే బటన్లు, ఎత్తు మార్చుకునే మౌంట్. చాలా ఎయిర్ రైఫిళ్ల రైల్ 11 మిల్లీమీటర్ల డవ్‌టెయిల్, రెడ్ డాట్లు ఎక్కువగా వచ్చేది వెడల్పాటి పికటినీ పట్టుతో. రెండూ ఒకదానికొకటి కూర్చోవు, మధ్యలో అడాప్టర్ కావాలి, ఆ అడాప్టర్ కూడా కొంత ఎత్తు కలుపుతుంది. మీ రైల్ వెడల్పు, చెంప ఆనినప్పుడు రైల్ నుంచి కంటి దాకా ఎత్తు, రెండూ స్కేలుతో కొలిచి పెట్టండి. ఏ రైజర్ సరిపోతుందో చెప్తాను.