రెండు బొమ్మల నడుమ గీసేవాడి బతుకు ఎలా ఉండేదంటే

మీ ప్రశ్న చదివి నవ్వొచ్చింది, కొంచెం భయం కూడా వేసింది. మేనల్లుడు బీఎస్సీ కెమిస్ట్రీ రెండో ఏడాదిలో ఉండి, చదువు మానేసి చేత్తో గీసే యానిమేషన్ నేర్చుకుంటానంటున్నాడు, భారతీయ యానిమేషన్ పితామహుడు అనిపించుకున్న రామ్ మోహన్ కూడా కెమిస్ట్రీ వదిలేసే వచ్చాడు కదా అని ఇంట్లో అందరి నోళ్ళూ మూయిస్తున్నాడు, అసలు ఆ పని చేసినవాళ్ళ జీవితం ఎలా ఉండేదో చెప్పండి అన్నారు. నేను 1999 నుంచి ఆరేళ్ళు హైదరాబాద్‌లో ఆ పనే చేశాను. పేరున్నవాణ్ణి కాదు, తెర మీద నా పేరు ఒక్కసారి కూడా పడలేదు. ఇప్పుడు హన్మకొండలో పిల్లలకు డ్రాయింగ్ చెప్పుకుంటున్నాను.

ముందు ఆ కెమిస్ట్రీ సంగతి తేల్చేద్దాం. రామ్ మోహన్ గారు మద్రాసు యూనివర్సిటీలో డిగ్రీ పూర్తి చేశారు, వదిలేసింది పైచదువు. అంటే మీవాడు ఇంకా ఏడాదిన్నర బాకీ. ఈ పాయింట్ ఇంట్లో వాడుకోండి.

ఆయన 1956లో బొంబాయిలో కేంద్ర ప్రభుత్వ చిత్ర సంస్థ ఫిల్మ్స్ డివిజన్ కార్టూన్ యూనిట్‌లో చేరారు. సరిగ్గా ఆ రోజుల్లోనే క్లెయిర్ వీక్స్ అని, డిస్నీలో స్నో వైట్, బాంబీ లాంటి సినిమాలకు పనిచేసినాయన, అమెరికా సాంకేతిక సాయం కింద వచ్చి మనవాళ్ళకు పని నేర్పించాడు. జాతక కథ మీద 1957లో వచ్చిన బన్యన్ డీర్ ఆ శిక్షణలో పుట్టిందే. ఆ తర్వాత రామ్ మోహన్ గారి కెరీర్ చూస్తే మీవాడు ఊహించుకునేలా ఉండదు. దాదాపు పన్నెండేళ్ళు ప్రభుత్వ చిత్రాలు. 1968లో ప్రసాద్ ప్రొడక్షన్స్‌లో (మన ఎల్.వి. ప్రసాద్ గారిదే) యానిమేషన్ విభాగం. 1972లో సొంత స్టూడియో. యాడ్లు, హిందీ సినిమాల టైటిల్స్, సత్యజిత్ రాయ్ శత్రంజ్ కే ఖిలారీలో ఆ చిన్న కార్టూన్ ముక్క, యునిసెఫ్ కోసం మీనా అనే పాప, ఆమె చిలుక. జపాన్ వాళ్ళతో కలిసి చేసిన రామాయణం, అదీ రెండు గంటలు దాటిన పూర్తి నిడివి సినిమా, తయారయ్యేసరికి 1992. పుట్టింది 1931లో కాబట్టి అరవై దాటాయన్నమాట. పద్మశ్రీ 2014లో, పోయింది 2019లో. అటు డిస్నీలో ఆలీ జాన్‌స్టన్ అనే యానిమేటర్ 1935లో చేరి 1978లో రిటైర్ అయ్యాడు, నలభై మూడేళ్ళు ఒకే కంపెనీ, సింగరేణి ఉద్యోగంలాగా. మన దగ్గర అలాంటి కుర్చీ చాలా అరుదు, ఎక్కువమంది చిన్నచిన్న పనులు ఏరుకుంటూనే బతికారు.

నా సంగతికొస్తే, ఇంటర్ తప్పి హన్మకొండ చౌరస్తా దగ్గర బోర్డులు, సినిమా బ్యానర్లు రాసే షాపులో చేరాను. ఫొటో మీద గడులు గీసి, గుడ్డ మీద అవే గడులు పెద్దగా కొట్టి, గడి గడీ నింపుకుంటూ పోతే హీరో మొహం వచ్చేసేది. చెయ్యి బాగా తిరిగింది. అందుకే పేపర్లో స్టూడియో ప్రకటన చూసి వెళ్ళి టెస్ట్ రాస్తే వెంటనే తీసుకున్నారు, స్టైపెండ్ నెలకు రెండు వేల ఐదు వందలు. మా బాపు, అంటే మా నాన్న, మాత్రం "బొమ్మలు గీస్తే పైసలిస్తరా?" అని రెండుసార్లు అడిగి, కాజీపేటలో కృష్ణా ఎక్స్‌ప్రెస్ ఎక్కించాడు.

అక్కడికి వెళ్ళాక తెలిసింది నాకు గీయడం వచ్చుగానీ కదిలించడం రాదని. ఇది మీ మేనల్లుడికి బాగా ఎక్కించాల్సిన విషయం కాబట్టి కొంచెం వివరంగా చెప్తాను. సినిమాలో సెకనుకు 24 ఫ్రేములు. ఒక్కో బొమ్మను రెండేసి ఫ్రేములు ఉంచుతారు కాబట్టి సెకనుకు 12 బొమ్మలు, నిమిషానికి 720, ఇరవై రెండు నిమిషాల ఎపిసోడ్‌కు లెక్క ప్రకారం 15,840. అదీ ఒక్క పాత్రకు. కదలకుండా నిలబెట్టే షాట్లు, మళ్ళీ మళ్ళీ వాడుకునే నడకలు ఉంటాయి కాబట్టి అన్నీ గీయరు, అయినా గుట్టలే. ముఖ్యమైన భంగిమలు సీనియర్ గీస్తాడు, వాటిని కీస్ అంటారు. ఆ కీ బొమ్మ అంచున నిచ్చెన మెట్లలాగా ఒక చిన్న గీత ఉంటుంది, ఎన్ని బొమ్మలు రావాలి, ఏది దేనికి దగ్గరగా ఉండాలి అని. ఆ నడుమ బొమ్మలు వేసేవాడే ఇన్‌బిట్వీనర్, అంటే నేను. కాగితం కింది అంచున మూడు కన్నాలు, వాటిని పెగ్‌బార్‌కు (కాగితం జరగకుండా పట్టి ఉంచే మేకుల పట్టీ) తగిలించి, కింద ట్యూబ్‌లైట్ వెలిగే లైట్‌బాక్స్ మీద పెట్టి, ఎడమచేతి వేళ్ళ సందుల్లో నాలుగైదు కాగితాలు ఇరికించుకుని అటూఇటూ తిప్పుతూ కుడిచేత్తో గీయాలి. మొదటి నెల వేళ్ళు వంగేవి కావు, అన్నం కలపాలంటే ఏడుపొచ్చేది.

ఒకసారి ఒక లావుపాటి పాత్ర మూట ఎత్తి భుజాన వేసుకునే షాట్. కీస్ ఇచ్చారు, నడుమ తొమ్మిది బొమ్మలు నావి. గీతలు అద్దంలా ఉన్నాయి. సూపర్‌వైజర్ లైన్ టెస్ట్ (గీసిన బొమ్మలను వరుసగా ఆడించి కదలిక సరిచూడటం) వేసి చూసి "మూటలో దూది పెట్టినవా తమ్మీ" అన్నాడు. దూరాలన్నీ సమానంగా పంచాను, బ్యానర్ గడుల అలవాటు. సమానంగా పంచితే వస్తువు గాలిలో తేలినట్టు వెళ్తుంది. బరువున్నది మొదట కదలనే కదలదు, బొమ్మలు ఒకదాని మీద ఒకటి ఉన్నంత దగ్గరగా ఉండాలి, తర్వాత ఒక్కసారిగా దూరం కావాలి, మళ్ళీ దగ్గర పడాలి. మాటల్లో అర్థమైంది, చేతికి ఎక్కలేదు.

ఆ వారం ఇంటికొచ్చి ఎనుమాముల మార్కెట్‌లో కూర్చున్నాను. మిర్చి సీజన్, ఘాటుకు కళ్ళ నీళ్ళు, తుమ్ములు, ఆ తుమ్ముల మధ్యే హమాలీలను గీశాను. బస్తా లేవకముందే మోకాళ్ళు దిగుతాయి, మెడ బిగుస్తుంది, బస్తా వీపు మీద పడ్డాక మనిషి ఒక్క క్షణం ఇంకా కిందికి పోయి అప్పుడు పైకి వస్తాడు, తర్వాత రెండు మూడు చిన్న అడుగులు వేసి గానీ అసలు నడక దొరకదు. ఖాళీ గోనె ఎత్తేటప్పుడు ఇవేవీ ఉండవు. ఒక హమాలీ బాబాయ్ "ఏం రాస్తున్నవ్ రా, లెక్కలా?" అని అడిగాడు. సోమవారం ఆ షాట్ మళ్ళీ గీశాను, పాసయింది. ఆరేళ్ళలో నాకు గర్వంగా గుర్తున్నది అదొక్కటే, తెర మీద పట్టుమని ఒక సెకను కూడా లేదు.

మధ్యలో ఒక మాట. మా దగ్గర చాలామంది చేర్యాల నకాషీ పటమే (కథను బొమ్మలుగా వేసిన పొడవాటి గుడ్డ చుట్ట) మన యానిమేషన్ అని సభల్లో చెప్తుంటారు. నాకు ఒప్పుదల లేదు. ఆ పటం గొప్పది, ఎర్రటి నేల మీద కథ అంతా వరుసగా గడులు గడులుగా విప్పుకుంటూ పోతుంది, కానీ అందులో బొమ్మ కదలదు, పటం ముందు నిలబడి కథ చెప్పేవాడు కదులుతాడు. అది వేరే విద్య.

డబ్బుల సంగతి. స్టైపెండ్ అయ్యాక బొమ్మకు ఇంత అని లెక్క. తల తిప్పే షాట్ దొరికితే పండుగ, గుంపులో జనం పరుగెత్తే షాట్ పడితే ఆ వారం అన్నం పప్పే. పని మొత్తం బయటి దేశాల టీవీ సీరియళ్ళది, కాబట్టి అక్కడ ఆర్డర్ ఆగితే ఇక్కడ లైట్‌బాక్సులు ఆరిపోయేవి. 2005లో అలాగే ఆరిపోయాయి, రెండు నెలల డబ్బులు ఇంకా రావాలి, ఇక రాదు. తిరిగి పాత షాపుకు వెళ్దామని వస్తే ఫ్లెక్సీ మిషన్లు దిగి ఉన్నాయి. రెండు పనులు నేర్చుకున్నా, రెండూ ఒకే టైమ్‌లో పోయాయి, దీనికి మా ఆవిడ ఇప్పటికీ నవ్వుతుంది.

నాతో పనిచేసినవాళ్ళలో కంప్యూటర్‌లో చేసే త్రీడీకి మారినవాళ్ళు బాగున్నారు. వాళ్ళలోనూ నడుమ బొమ్మలు వేలకు వేలు గీసినవాళ్ళే ముందున్నారు, ఎందుకంటే దాని మానాన దాన్ని వదిలేస్తే కంప్యూటర్ కూడా నడుమ దూరాలను బరువు తెలియకుండా పంచేస్తుంది, అది దూది మూట అని కనిపెట్టే కన్ను మనిషికే ఉండాలి. కాబట్టి మీవాడిది పనికిరాని ఆశ అని నేను అనను. చేత్తో గీసే పని మీదే బతకడం మాత్రం మన దగ్గర ఇప్పుడు చాలా కష్టం.

లక్షలు ఫీజు అడిగే కోర్సులో చేర్చకముందు ఒక పని చేయించండి. రెండు చిన్న ప్యాడ్లు కొనివ్వండి, ఒక్కోదాంట్లో నలభై కాగితాలు చాలు. ఒకదాంట్లో మనిషి నిండు బస్తా ఎత్తాలి, ఇంకోదాంట్లో ఖాళీ గోనె. బస్తా సైజు రెండింట్లో ఒకేలా గీయమనండి, లోపల ఏముందో రాయొద్దు. సెలవుల్లో నెల రోజులు టైమ్ ఇవ్వండి. బొటనవేలితో గబగబా తిప్పి మీ అక్కకు చూపించండి, ఏది బరువో ఆమె చెప్పగలిగితే నాకు మెసేజ్ పెట్టండి. నా పాత లైట్‌బాక్స్ అటక మీదే ఉంది, ట్యూబ్ ఒకటి మార్చుకుంటే సరిపోతుంది.